హట్టరైట్లు: సొంత ఆస్తి లేకుండా ఇన్ని తరాలు ఎలా నెట్టుకొస్తున్నారు?

"జీతం లేదు, సొంత ఇల్లు లేదు, ఎవరి పేరు మీదా ఏమీ ఉండదు, అయినా 500 ఏళ్ళుగా ఎలా నడుస్తోంది, ఇది కమ్యూనిజమేనా, వీళ్ళూ ఆమిష్‌లూ ఒకటేనా" అని హట్టరైట్ల గురించి అడిగారు. హట్టరైట్లంటే కెనడా, అమెరికాల్లో ఉమ్మడి ఆస్తితో కాలనీలుగా బతికే క్రైస్తవులు, ఆమిష్‌లు అక్కడే పాతకాలపు పద్ధతుల్లో బతికే ఇంకో క్రైస్తవ శాఖ. నేను కెనడాలోని ఆల్బెర్టాలో లెత్‌బ్రిడ్జ్ చుట్టుపక్కల కోళ్ళ ఫీడ్ పని మీద చాలా ఏళ్ళుగా వాళ్ళ కాలనీలకి తిరుగుతున్నాను. వాళ్ళ పెద్దవాళ్ళ దగ్గర విన్నవీ, ఆసక్తి కొద్దీ చదివినవీ కలిపి రాస్తున్నాను, కాస్త పొడుగే అవుతుంది, ఓపిగ్గా చదవండి.

ముందు మీ ప్రశ్నలోనే ఒకటి సరిచెయ్యాలి. 500 ఏళ్ళు ఏకధాటిగా ఏమీ నడవలేదు. ఉమ్మడి ఆస్తి పద్ధతిని వాళ్ళు రెండుసార్లు వదిలేశారు, రెండుసార్లూ మళ్ళీ పట్టుకున్నారు. వీళ్ళని అర్థం చేసుకోవాలంటే నా దృష్టిలో ఇదే అసలు పాయింట్. బయటివాళ్ళు వచ్చి తన్నినప్పుడే పోయిందనుకుంటారు చాలామంది, కానీ లోపల ఇంటింటికీ లెక్కలు మొదలైనప్పుడు కూడా అంతే గట్టిగా దెబ్బతింది.

కథ 1525లో జ్యూరిక్‌లో మొదలవుతుంది. పసిపిల్లలకి బాప్తిస్మం ఇవ్వడం తప్పు, ఊహ తెలిసిన మనిషి తనంతట తాను నమ్మి తీసుకోవాలి అన్న కొంతమంది ఆ ఏడాది జనవరిలో ఒకరికొకరు బాప్తిస్మం ఇచ్చుకున్నారు. వాళ్ళనే అనాబాప్టిస్టులు అన్నారు. ఇప్పుడు వింటే ఇదేం నేరం అనిపిస్తుంది గానీ ఆ రోజుల్లో చర్చీ రాజ్యమూ వేరు కాదు, పుట్టిన ప్రతి బిడ్డ బాప్తిస్మంతోనే ఆ రాజ్యపు మనిషి అయ్యేది, దాన్ని కాదంటే రాజద్రోహం కిందే లెక్క. రెండేళ్ళలోనే ఫెలిక్స్ మాంజ్ అనే ఆయన్ని జ్యూరిక్‌లోనే లిమ్మాట్ నదిలో ముంచి చంపారు. మిగిలినవాళ్ళు చెల్లాచెదురై, ఇప్పటి చెక్ దేశంలో ఉన్న మొరావియాకి చేరారు. అక్కడి జమీందారులకి కష్టపడి పనిచేసే మనుషులు కావాలి కాబట్టి కాస్త చూసీచూడనట్టు ఉండేవాళ్ళు.

1528లో నికోల్స్‌బర్గ్ అనే ఊళ్ళో గొడవొచ్చింది. కత్తి పట్టొచ్చా, యుద్ధానికి పన్ను కట్టొచ్చా అని. వద్దన్న సుమారు 200 మంది ఊరొదిలి బయల్దేరారు, చాలామంది చేతుల్లో ఏమీ లేదు. దారిలో ఒకచోట నేల మీద ఒక పై వస్త్రం పరిచారు, ఎవరి దగ్గర ఏముంటే అది తెచ్చి దాని మీద పెట్టారు, బలవంతం లేదు. ఆ పూట అందరికీ అందులోంచే. అపొస్తలుల కార్యములు 2:44లో "విశ్వసించిన వారందరు ఏకముగా కూడి తమకు కలిగినదంతయు సమష్టిగా ఉంచుకొనిరి" అని ఉంది కదా, మిగతా క్రైస్తవులు దాన్ని తొలి శిష్యుల రోజుల ముచ్చటగా చదువుకుంటే వీళ్ళు దాన్ని ఆజ్ఞగా తీసుకున్నారు. కమ్యూనిజమా అన్న ప్రశ్నకి జవాబు ఇక్కడే ఉంది. మార్క్స్ పుట్టడానికి 290 ఏళ్ళ ముందు సంగతి ఇది, వాళ్ళకిది ఆర్థిక సిద్ధాంతం కాదు, సొంతం అనే ఆశని చంపుకోకపోతే దేవుడికి లోబడినట్టు కాదు అన్న నమ్మకం. దేవుణ్ణి తీసేస్తే కాలనీలో ఇంకేం మిగలదు, ఈ మాట వాళ్ళ పెద్దవాళ్ళే చెప్తారు.

పేరు వచ్చింది జాకోబ్ హుట్టర్ నించి, ఆల్ప్స్‌లోని టిరోల్ కొండల్లో టోపీలు చేసుకునే మనిషి. 1533లో ఈ గుంపులకి నాయకుడై, వాళ్ళలో వాళ్ళు కొట్టుకుంటుంటే ఒక క్రమంలో పెట్టాడు. మూడేళ్ళు కూడా పూర్తవలేదు, 1536 ఫిబ్రవరిలో ఇన్స్‌బ్రూక్‌లో ఆయన్ని సజీవంగా తగలబెట్టారు.

ఆ తర్వాత 1565 నించి 1592 దాకా వాళ్ళకి బంగారు కాలం. మొరావియాలో పెద్ద పెద్ద ఉమ్మడి ఇళ్ళు కట్టుకుని వేలమంది ఉండేవాళ్ళు, వాళ్ళు చేసిన పింగాణీ, కత్తులు జమీందారుల ఇళ్ళకి వెళ్ళేవి, వాళ్ళ వైద్యులకి పెద్ద ఇళ్ళ నించి కబుర్లొచ్చేవి. నాకు బాగా నచ్చే సంగతి బడి. పీటర్ వాల్పోట్ అనే పెద్ద 1568లో టీచర్లకి నియమాలు పెట్టాడు. నోరు పూసిన పిల్లాడి నోట్లో వేలు పెట్టి చూశాక ఆ వేలు కడుక్కోకుండా ఇంకో పిల్లాడి నోట్లో పెట్టొద్దు, జబ్బు చేసిన పిల్లల్ని విడిగా పడుకోబెట్టండి. క్రిముల సంగతి లోకానికి తెలియడానికి మూడొందల ఏళ్ళ ముందు ఇది! వందలమంది పిల్లల్ని ఒకేచోట పెంచితే ఒకరి జబ్బు అందరికీ అంటుతుంది, కలిసి బతకడం వల్లే వాళ్ళకి ఆ జాగ్రత్త వచ్చింది.

తర్వాత టర్కీ యుద్ధాలు, దోపిడీలు, 1622లో మొరావియా నించి పూర్తిగా వెళ్ళగొట్టడం. హంగరీకి, ట్రాన్సిల్వేనియాకి పోయారు. పేదరికం, జెసూట్లనే క్యాథలిక్ మత గురువుల ఒత్తిడి, పైగా కలిసి ఉంటే మోసేవాళ్ళు తక్కువ, తినేవాళ్ళు ఎక్కువ అన్న గొణుగుడు. 1690ల నాటికి ఉమ్మడి ఆస్తి పోయింది, ఎవరి కుండ వాళ్ళది. ఇంకో యాభై అరవై ఏళ్ళకి అసలు మనుషులే కొద్దిమంది మిగిలారు.

అక్కడితో అయిపోవాలి నిజానికి. కానీ 1755లో ఆస్ట్రియా ప్రభుత్వం కారింథియా అనే ప్రాంతం నించి కొన్ని లూథరన్ కుటుంబాలని మతం పేరుతోనే ట్రాన్సిల్వేనియాకి తరిమింది. ఆ కొత్తవాళ్ళు మిగిలిన ఆ కొద్దిమంది హట్టరైట్లని కలిశారు, వాళ్ళ పాత పుస్తకాలు చదివారు, 1762లో మళ్ళీ అంతా ఉమ్మడి చేశారు. అంటే ఇప్పుడు కాలనీల్లో వినపడే హోఫర్, వాల్డ్నర్, క్లైన్‌సాసర్ లాంటి ఇంటిపేర్లు హుట్టర్ కాలం నాటివి కావు, ఈ తర్వాత వచ్చినవాళ్ళవి. వాళ్ళు ఇంట్లో మాట్లాడే హట్టరిష్ జర్మన్ కూడా ఆ కారింథియా యాసే ఎక్కువ.

1767లో 67 మంది కార్పేథియన్ కొండలు దాటి, ఇప్పటి రొమేనియాలో ఉన్న వాలేకియాకి పారిపోయారు, అక్కడా యుద్ధమే, 1770లో అప్పట్లో రష్యా సామ్రాజ్యంలో ఉన్న ఉక్రెయిన్‌లో రూమ్యాన్‌త్సెవ్ అనే కౌంట్ భూముల్లో విషెంకా దగ్గర చోటు దొరికింది. అక్కడ ఎవరూ తరమలేదు, కొట్టలేదు. అయినా 1819లో రెండోసారి ఉమ్మడి పద్ధతి కూలిపోయింది! నేను మొదట్లో చెప్పిన పాయింట్ ఇదే. భూమి చాల్లేదు, మనుషులు పెరిగారు, వేరే చోటికి పోయే దారి లేదు, ఒకరి కష్టం ఇంకొకరు తింటున్నారన్న మాటలు మొదలయ్యాయి. నలభై ఏళ్ళ తర్వాత, 1859లో, మైకేల్ వాల్డ్నర్ అనే కమ్మరికి ఒక దర్శనం కలిగింది, నోవహు ఓడలో ఉన్నవాళ్ళే బతికినట్టు ఈ కాలానికి ఉమ్మడి జీవితమే ఓడ అని. ఆయన మళ్ళీ మొదలుపెట్టాడు, కమ్మరి మనుషులు కాబట్టి ష్మీడెలౌట్. 1860లో డారియస్ వాల్టర్ వెంట నడిచినవాళ్ళు డారియస్‌లౌట్. అమెరికా వచ్చాక 1877లో జాకోబ్ విప్ఫ్ అనే టీచర్ వెంట ఇంకో గుంపు, వాళ్ళు లెహ్రెర్‌లౌట్. ఇప్పటికీ ప్రధాన శాఖలు ఈ మూడే, 1992లో ష్మీడెలౌట్ మాత్రం మళ్ళీ రెండుగా చీలింది, పెళ్ళిళ్ళు కూడా మామూలుగా ఎవరి శాఖలో వాళ్ళవే.

రష్యా మగపిల్లలందరూ సైన్యంలో చేరాలనేసరికి 1874 నించి 1879 మధ్య ఇంచుమించు 1,265 మంది అమెరికాలోని డకోటాకి వలసొచ్చారు. అందులో సుమారు 400 మందే కాలనీలు కట్టారు, మిగతావాళ్ళు ఎవరి పొలాలు వాళ్ళు తీసుకుని మెల్లగా మెనోనైట్లనే ఇంకో అనాబాప్టిస్టు శాఖ చర్చిల్లో కలిసిపోయారు. ఇవాళ 500కి పైగా కాలనీల్లో ఉన్న 50 వేల చిల్లర మందీ దాదాపు ఆ 400 మంది సంతానమే. వంశం వెనక్కి లాగితే మూలపురుషులు 90 మంది కంటే తక్కువ తేలతారు, అందుకే జన్యుశాస్త్రం వాళ్ళు వీళ్ళ మీద అంత పరిశోధన చేస్తుంటారు.

మొదటి ప్రపంచ యుద్ధం గురించి చెప్పకుండా ముందుకెళ్ళలేను, ఎందుకంటే కాలనీలో ఏ పిల్లాణ్ణడిగినా చెప్పే కథ ఇది. 1918లో సౌత్ డకోటాలో రాక్‌పోర్ట్ కాలనీ నించి నలుగురు కుర్రాళ్ళని సైన్యానికి పిలిచారు. జోసెఫ్, మైకేల్, డేవిడ్ హోఫర్ అని ముగ్గురు అన్నదమ్ములు, నాలుగో ఆయన జాకోబ్ విప్ఫ్ (పైన చెప్పిన టీచర్ కాదు, పేరు మాత్రమే ఒకటి). యూనిఫాం వేసుకోం అన్నారు. వేసుకుంటే ఒప్పుకున్నట్టే కాబట్టి. కోర్టు మార్షల్ చేసి 20 ఏళ్ళు శిక్ష వేసి ఆల్కట్రాజ్ జైలుకి పంపారు. కింద నేలమాళిగలో, లోపలి బట్టలతో, తడి నేల మీద, చలిలో ఉంచి పక్కన యూనిఫాం పెట్టారు, వేసుకుంటే చలి తగ్గుతుంది. వేసుకోలేదు. చేతులు పైకి కట్టి ఊచలకి బిగించారు. నవంబర్‌లో యుద్ధం అయిపోయింది, అయినా వదల్లేదు, కాన్సాస్‌లో ఫోర్ట్ లెవెన్‌వర్త్ జైలుకి మార్చారు. అక్కడ నవంబర్ 29న జోసెఫ్, డిసెంబర్ 2న మైకేల్ చనిపోయారు. జోసెఫ్ భార్య శవాన్ని చూడాలని పట్టుబట్టి పెట్టె మూత తీయిస్తే, బతికుండగా ముట్టుకోనన్న ఆ యూనిఫామే తొడిగి ఉంది.

అదే ఏడాది యుద్ధ బాండ్లు, అంటే యుద్ధ ఖర్చుకి ప్రభుత్వం అమ్మిన అప్పు పత్రాలు, కొనలేదని ఊరివాళ్ళు ఒక కాలనీ గొర్రెల్నీ పశువుల్నీ తోలుకుపోయి అమ్మేశారు. ఇక అక్కడ ఉండలేక కెనడాకి, మానిటోబా, ఆల్బెర్టాకి తరలిపోయారు, కొన్నేళ్ళకి బాన్ ఓమ్ అనే మొదటి కాలనీ ఒక్కటే పాతచోట మిగిలింది. 1930ల కరువు రోజుల్లో కొందరు తిరిగి వెళ్ళారనుకోండి. కెనడా కూడా పూలబాట ఏమీ కాదు. 1942లో ఆల్బెర్టా వీళ్ళకి భూమి అమ్మడమే నిషేధించింది, 1947 చట్టంలో కొత్త కాలనీ 6,400 ఎకరాలు దాటకూడదు, ఉన్న కాలనీకి 40 మైళ్ళ లోపల పెట్టకూడదు అని రాశారు. ఆ చట్టం రద్దయింది 1973లో.

ఇప్పుడు ఒక కాలనీలో రోజు ఎలా నడుస్తుందో చెప్తాను, లోపలికి వెళ్తే తప్ప తెలియనిది ఇది.

60 నించి 150 మంది దాకా ఉంటారు. మధ్యలో వంటిల్లు, భోజనాల హాలు, చుట్టూ వరసగా ఇళ్ళు, ఆ తర్వాత బడి, వర్క్‌షాపులు, షెడ్లు. పైన పాస్టర్, ఆయన తర్వాత డబ్బు లెక్క చూసే సెక్రటరీ, పొలం పనికి ఫార్మ్ బాస్, తర్వాత పందుల బాస్, కోళ్ళ బాస్, పాల బాస్ ఇలా ఎవరి డిపార్ట్‌మెంట్ వాళ్ళది. ఈ పదవులకి బాప్తిస్మం తీసుకున్న మగవాళ్ళు ఓటేస్తారు. పాస్టర్‌ని మాత్రం ఓట్లతో కొందరిని ఎంచి ఆ పేర్లలోంచి చీటీ తీస్తారు, ఆఖరి ఎంపిక దేవుడిదే కావాలని.

మధ్యాహ్నం నేను షెడ్లో ఉంటే కోళ్ళ బాస్ పని ఎక్కడికక్కడ ఆపేసి చేతులు కడుక్కుని నన్ను కూడా భోజనానికి తీసుకెళ్తాడు. హాల్లో ఒకవైపు మగవాళ్ళు, ఒకవైపు ఆడవాళ్ళు, అందరూ వయసు ప్రకారం కూర్చుంటారు, పెద్దాయన తలదగ్గర, చివర్లో నిన్నగాక మొన్న 15 నిండిన కుర్రాడు. జర్మన్‌లో ప్రార్థన, గిన్నెలు చేతులు మారతాయి, నూడుల్స్ సూపు, బంగాళాదుంప, బాతు మాంసమో కోడో, అప్పుడే కాల్చిన బ్రెడ్డు. కబుర్లు దాదాపు ఉండవు. పావుగంటలో తినేసి మళ్ళీ ప్రార్థన చేసి లేచిపోతారు. పిల్లలకి వేరే గది, అక్కడ జర్మన్ టీచరూ ఆయన భార్యా దగ్గరుండి తినిపిస్తారు. వంట ఆడవాళ్ళ మధ్య వారాలవారీ వంతు, పెద్ద వంటమనిషి మాత్రం ఒకావిడే, తరచూ సెక్రటరీ గారి భార్య. ఒక వయసు దాటాక వంతు నించి తప్పిస్తారు.

పిల్లలు మూడేళ్ళకే కాలనీ కిండర్‌గార్టెన్‌కి వెళ్తారు. పొద్దున్న ఇంగ్లీష్ బడికి ముందు జర్మన్ బడి. 15 ఏళ్ళకి పెద్దవాళ్ళ బల్ల దగ్గర చోటు, పెద్దవాళ్ళ పని. బాప్తిస్మం 20 దాటాకే, అది లేనిదే పెళ్ళి లేదు. పెళ్ళయితే అమ్మాయి అబ్బాయి కాలనీకి వెళ్తుంది, అందుకే ఒక కాలనీలో మగవాళ్ళంతా అన్నదమ్ములో బాబాయ్ కొడుకులో అయి ఉంటారు. రోజూ సాయంత్రం భోజనానికి ముందు ప్రార్థన కూటం, అక్కడ పాస్టర్ సొంతంగా ప్రసంగం చెయ్యడు, 1600లలో రాసిపెట్టిన ప్రసంగాలనే చదువుతాడు.

ఎవరికీ జీతం లేదన్నది నిజమే. నెలకి చేతిఖర్చుకి కొద్ది డాలర్లు, వయసుని బట్టి కొలిచి ఇచ్చే బట్ట, ఇల్లు, వైద్యం, తిండి అన్నీ కాలనీవే. ఆమిష్‌లకీ వీళ్ళకీ అతిపెద్ద తేడా ఇదే. ఆమిష్‌లది ఎవరి పొలం వాళ్ళది, కానీ గుర్రబ్బండి దగ్గర ఆగిపోయారు. వీళ్ళది ఆస్తి ఉమ్మడి, కానీ జీపీఎస్ ట్రాక్టర్లు, కంప్యూటర్‌తో నడిచే షెడ్లు, మా కంపెనీలో ఉన్నదానికంటే కొత్త మెషీన్లు. పనికొచ్చే యంత్రం వస్తుంది, మనసుని లాగే టీవీ రాదు, అదీ లెక్క. ఫోన్లూ ఇంటర్నెట్టూ ఎంతవరకు అన్నది కాలనీని బట్టి మారుతుంది, చాలాచోట్ల ఇప్పుడు జరుగుతున్న గొడవ అదే. 2016లో వచ్చిన ఒక స్టడీ చూడండి, ఆమిష్ పిల్లల్లో ఆస్తమా 5 శాతం దగ్గరుంటే హట్టరైట్ పిల్లల్లో 21 శాతం. ఆమిష్ ఇల్లు పశువుల కొట్టాన్ని ఆనుకుని ఉంటుంది, పిల్లలు ఆ దుమ్ములోనే ఆడతారు, హట్టరైట్ల షెడ్లు పెద్దవి, ఇళ్ళకి దూరం. పరిశోధకులు కారణం అక్కడే చూశారు.

ఇక మీ అసలు ప్రశ్న, ఎలా నిలబడింది అని. మన ఉమ్మడి కుటుంబాలు ఎలా విడిపోతాయో మనకి తెలుసు, మనస్పర్థలు ముదిరి, మాటలు లేకుండాపోయి, అప్పుడు పంపకాలు. వీళ్ళు గొడవ రాకముందే విడిపోతారు. జనం 120, 150 దగ్గరికి వస్తున్నారంటే, అంటే కుర్రాళ్ళు ఎక్కువై బాస్ పదవులు చాలక ఖాళీగా తిరిగే పరిస్థితి వస్తోందంటే, ఏళ్ళ ముందు నించే డబ్బు దాచి, భూమి కొని, షెడ్లు కట్టి కూతురు కాలనీ తయారుచేస్తారు. కుటుంబాలని వయసులూ పిల్లల సంఖ్యా సరితూగేలా రెండు జాబితాలు రాస్తారు. లెహ్రెర్‌లౌట్‌లో అయితే ఏ జాబితా వెళ్తుందో ముందు ఎవరికీ తెలియదు, అందరూ సామాను సర్దుకుంటారు, ఆఖర్న చీటీ తీస్తారు, ఏ జాబితా వస్తే ఆ సగం మంది బయల్దేరతారు. ఎవరు వెళ్ళాలో తెలీదు కాబట్టే కొత్తచోట ఇళ్ళు నాసిగా కట్టరు, పాతచోట మంచివి దాచుకోరు.

నా మటుకు నాకు వీళ్ళ వ్యవస్థకి ప్రాణం ఈ విడిపోవడమే. మిగిలిన డబ్బు ఏం చేసుకోవాలి అన్న ప్రశ్న పుట్టదు, అది ఎప్పుడూ పుట్టబోయే కాలనీదే. బద్ధకంగా ఎందుకుండరు అంటే, వందమందిలో ఎవడు పొద్దున్న లేవలేదో అందరికీ తెలుస్తుంది, రేపు బాస్ పదవికి ఓటేసేది వాళ్ళే. 1819లో రష్యాలో కూలిపోయిందీ, ఇక్కడ నిలబడిందీ అందుకే అనిపిస్తుంది, అక్కడ వేరే చోటికి పంచుకునే భూమి లేదు, ఈ మైదానాల్లో దొరికింది. ఇప్పుడు భూమి ధరలు పెరిగి ఒక్క కాలనీకి కోట్ల డాలర్లు అవుతోంది, కొన్నిచోట్ల పొలం బదులు ఫ్యాక్టరీ పనులు మొదలుపెట్టారు. 1950ల్లో ఒక్కో తల్లికి సగటున పదిమందికి పైగా పిల్లలు, జనాభా లెక్కల పుస్తకాల్లో అదే ఉదాహరణ, ఇప్పుడు బాగా తగ్గింది, కాబట్టి విడిపోవడమూ నెమ్మదించింది. రాబోయే ఇరవై ముప్ఫై ఏళ్ళకి వాళ్ళకి అసలు పరీక్ష ఇదే అనుకుంటున్నాను.

బాధపెట్టేవి కూడా చెప్పాలి. ఆడవాళ్ళకి ఓటు లేదు, చాలా కాలనీల్లో చదువు ఒక స్థాయి దగ్గరే ఆగిపోతుంది, మానిటోబాలో మాత్రం వాళ్ళలోంచే డిగ్రీ చేసిన టీచర్లు వస్తున్నారు. వెళ్ళిపోయేవాళ్ళకి వాటా ఉండదు. 1970లో మానిటోబాలో వేరే చర్చిలో చేరి వెలికి గురైన కొందరు ఆస్తిలో భాగం అడిగితే కెనడా సుప్రీంకోర్టు ఇవ్వలేదు. పాతికేళ్ళు పనిచేసిన మనిషి కట్టుబట్టలతో బయటికి రావడం నాకు న్యాయంగా అనిపించదు, ఈ మాట కాలనీలో నాకు బాగా తెలిసినవాళ్ళతోనే అన్నాను, వాళ్ళు కోప్పడలేదు, బాప్తిస్మం రోజున అన్నీ తెలిసే ఇచ్చేశాం కదా అన్నారు. ఆ జవాబుతో నేను పూర్తిగా ఏకీభవించను, కానీ అది మోసపు జవాబు మాత్రం కాదు.

చూడ్డానికి వెళ్ళాలనుకుంటే, కాలనీకి ముందు ఫోన్ చేసి అడగండి, చాలామంది ఆనందంగా తిప్పి చూపిస్తారు, తోట కూరగాయలు, కోళ్ళు, గుడ్లు అమ్ముతారు కూడా. ఆదివారం వెళ్ళకండి. అడక్కుండా మనుషుల ఫోటోలు తియ్యకండి, విగ్రహం చేసుకోకూడదన్న ఆజ్ఞ కిందే వాళ్ళలో చాలామంది దాన్ని చూస్తారు, డ్రైవింగ్ లైసెన్స్ మీద ఫోటో వద్దని ఇక్కడి విల్సన్ కాలనీ వాళ్ళు సుప్రీంకోర్టు దాకా వెళ్ళి 2009లో 4-3 తేడాతో ఓడిపోయారు. మధ్యాహ్నం గంట కొట్టే టైముకి అక్కడుంటే భోజనానికి పిలుస్తారు, మొహమాటపడకుండా వెళ్ళండి, శాకాహారులైతే ముందే చెప్పండి, బ్రెడ్డూ బంగాళాదుంపా ఎలాగూ ఉంటాయి.